తాయిలం పెట్టి గోళ్లు తీద్దాం

తమిళనాడులోని రాజపాళయం పేరు చెప్పగానే అక్కడ తరతరాలుగా స్థిరపడిన మన తెలుగు రాజుల కుటుంబాలతో పాటు, ఆ ఊరి తెల్లని వేటకుక్కలూ గుర్తుకొస్తాయి. 2005లో తపాలా శాఖ మన దేశపు నాలుగు జాతుల కుక్కలపై బిళ్లలు విడుదల చేస్తే, వాటిలో ఇదీ ఒకటి. మా ఇంట్లో ఉన్నదీ ఆ జాతిదే. అడవిపందుల వేటకు పేరుపడ్డ జాతి, గోళ్ల కత్తెర చూస్తే మాత్రం వణికిపోయేది!

చాలా ఇళ్లలో ఇద్దరు అదిమి పట్టుకుంటే మూడోవారు గోళ్లు కత్తిరిస్తారు. పని అయిపోతుంది కాని భయం మిగిలిపోతుంది. భయపడిన కుక్క ఏదో ఒకనాడు కరుస్తుంది. పైగా ఒళ్లు తాకనివ్వని కుక్కకు చెవిలో చీము పట్టినా, వేళ్ల సందుల్లో పిడుదులు చేరినా మనకు తెలియదు. పిడుదుల వల్ల ప్రాణం మీదికి తెచ్చే జ్వరాలు వస్తాయి.

మేము పాటించిన పద్ధతి ఇది. మొదటి వారం కత్తెర బయటికే తీయలేదు. భుజం మీద చెయ్యి వేయడం, వెంటనే ఉప్పూకారం లేని ఉడికించిన కోడిమాంసం ముక్క పెట్టడం. తర్వాత కాలు, ఆపైన పంజా, ఆపైన ఒక్కొక్క వేలు. ఆ తర్వాత కత్తెర చూపించి ఒక ముక్క, దానితో చీపురుపుల్ల తుంచి చప్పుడు వినిపించి ఒక ముక్క, గోరుకు ఆనించి ఒక ముక్క. చివరికి రోజుకు ఒక్క గోరు, అదీ కొన మాత్రమే.

వరుస తప్పకూడదు. ముందు తాకాలి, తర్వాతే తాయిలం. రోజుకు రెండు మూడు నిమిషాలు చాలు. కుక్క పెదవులు నాక్కున్నా, ఊరికే ఆవులించినా, మొహం తిప్పుకున్నా, తోక ముడిచినా ‘ఇక చాలు’ అంటోందని అర్థం. అక్కడితో ఆపి, మర్నాడు ఒక మెట్టు కిందినుంచి మొదలుపెట్టండి. గుర్రుమంటే కొట్టకండి. కొడితే హెచ్చరించడం మాని నేరుగా కరవడం నేర్చుకోవచ్చు.

గోటి లోపల రక్తనాళం ఉంటుంది. నల్లగోళ్లలో అది కనబడదు గనుక కొద్దికొద్దిగానే తీయాలి. తాయిలంగా చాక్లెట్, ద్రాక్ష, కిస్‌మిస్, ఉల్లి కలిసినవి ఎన్నడూ పెట్టకూడదు. తాకగానే నొప్పితో అరిస్తే ముందు పశువైద్యునికి చూపించాలి.

దువ్వెనకైనా, స్నానానికైనా, పిల్లికైనా ఇదే దారి. పండక్కి చుట్టాలొస్తున్నారని ముందురోజు మొదలుపెడితే కుదరదు. మాకు నాలుగు కాళ్లకూ ఆరు వారాలు పట్టింది. మీరు ఇవాళ భుజం మీద చెయ్యి వేసి చూడండి.