మీకు తెలుసా? వేల్స్‌లో కథలకు చిరునామా ఉంది

‘అనగనగా ఒక ఊళ్లో’ అని మొదలుపెడితే మధ్యయుగపు వెల్ష్ శ్రోతలకు సరిపోయేది కాదు. ఏ ఊరు, ఏ వాగు ఒడ్డు, ఏ కొండ కింద అన్నది కథకుడు పేరు పెట్టి చెప్పాల్సిందే. మాబినోగియన్ పేరుతో ఇవాళ ప్రపంచానికి తెలిసిన పదకొండు కథలు ప్రధానంగా రెండు చేతిరాత గ్రంథాల్లో మిగిలాయి. 14వ శతాబ్దం నాటి ‘తెల్ల పుస్తకం’ అబెరిస్ట్‌విత్‌లోని వేల్స్ జాతీయ గ్రంథాలయంలో ఉంది. 1400 ప్రాంతంలో రాసిన ‘ఎర్ర పుస్తకం’ ఆక్స్‌ఫర్డ్‌లో ఉంది. ఆ కథలూ, వాటికంటే పాతవీ, తర్వాతవీ చెప్పిన చోట్లు చాలావరకు నేటికీ వెళ్లి చూడొచ్చు. చూస్తే ఒక సంగతి తెలుస్తుంది. చాలాచోట్ల నేల మీది గుర్తు ముందు పుట్టింది, కథ దాన్ని వెతుక్కుంటూ వచ్చింది.

గోరువంకతో కబురు పంపిన రాణి

హార్లెఖ్ దగ్గర సముద్రం మీదికి చూస్తున్న బండపై కూర్చున్న బ్రాన్ రాజుకు ఐర్లండ్ నుంచి వస్తున్న పదమూడు ఓడలు కనబడ్డాయి. ఐర్లండ్ రాజు ఆయన చెల్లెలు బ్రాన్వెన్‌ను పెళ్లాడి తీసుకెళ్లాడు. తర్వాత పాత అవమానానికి పగ తీర్చుకోవడానికి ఆమెను వంటింటి చాకిరీలో పడేశాడు. ఆమె మూడేళ్లు గోరువంక జాతి పిట్టనొకదాన్ని పెంచి, మాటలు నేర్పి, రెక్కకు ఉత్తరం కట్టి అన్న దగ్గరికి పంపింది. ఆ కబురుతో మొదలైన యుద్ధంలో రెండు దీవులూ నాశనమయ్యాయి. ఆ దుఃఖంతో ఆమె గుండె పగిలి చనిపోగా, ఆంగ్లసీ దీవిలో అలావ్ నది ఒడ్డున పాతిపెట్టారని కథ. ఆ నది పక్కన ‘బ్రాన్వెన్ సమాధి’ అనే దిబ్బ ఇప్పటికీ ఉంది. 1813లో అక్కడ చితాభస్మం ఉన్న మట్టి కుండ దొరికింది. 1960లలో తవ్వితే మరికొన్ని బయటపడ్డాయి. అవి కాంస్య యుగానివి. కథ రాతకెక్కేనాటికే ఆ దిబ్బ వయసు సుమారు మూడు వేల ఏళ్లు.

తెరవకూడని తలుపు

ఆ యుద్ధం నుంచి బ్రాన్ మనుషుల్లో తిరిగొచ్చినవాళ్లు ఏడుగురే. రాజు కోరిక ప్రకారం కోసిన ఆయన తలను వెంట తెచ్చుకుని వాళ్లు గ్వాలెస్ అనే దీవిలో ఎనభై ఏళ్లు గడిపారు. తల మాట్లాడుతూనే ఉంది, వాళ్లకు వయసు రాలేదు, దుఃఖం గుర్తురాలేదు. వాళ్లున్న మందిరంలో కార్న్‌వాల్ వైపు తలుపును మాత్రం తెరవకూడదు. ఒకడు తెరిచాడు. పోగొట్టుకున్నదంతా ఒక్కసారిగా గుర్తొచ్చింది. పెంబ్రోక్‌షైర్ తీరానికి దూరంగా ఉన్న గ్రాస్‌హోమ్ దీవే ఆ గ్వాలెస్ అని పండితులు గుర్తించారు. ఇప్పుడక్కడ మనుషులు ఉండరు. గానెట్ అనే పెద్ద సముద్రపక్షులు వేలాదిగా గూళ్లు కట్టుకుంటాయి.

రాయిని చీల్చిన ఈటె

మనిషి కడుపున పుట్టిన భార్య దొరకకూడదని హ్లే అనే వీరుడికి తల్లి శాపం. మంత్రగాళ్లు పూలతో ఒక స్త్రీని చేసి ఇచ్చారు. పేరు బ్లొడైవెద్. ఆమె గ్రోనూ అనే ప్రియుడితో కలిసి భర్తను చంపించాలని చూసింది. చివరికి గ్రోనూ రాతి పలకను అడ్డం పెట్టుకున్నా, హ్లే విసిరిన ఈటె రాతిని తొలుచుకుని వెళ్లి అతన్ని చంపింది. బ్లొడైవెద్ గుడ్లగూబ అయింది. తూటు పడిన ఆ రాయి కన్వల్ నది ఒడ్డున ఉందని కథే చెబుతుంది. అలాంటి తూటు ఉన్న పలక ఒకటి ఆ ప్రాంతంలో నేటికీ చూపిస్తారు. హ్లే కోటగా చెప్పిన చోట ఉన్నది రోమన్ సైనిక శిబిరం శిథిలం. రోమన్లు వెళ్లిపోయాక మిగిలిన గోడలకు కథకుడు ఒక రాజును ఇచ్చాడు.

జెండా మీది డ్రాగన్ ఇల్లు

పగలు కట్టిన కోట తెల్లారేసరికి మాయమైపోతోంది. తండ్రి లేని బిడ్డ రక్తం చల్లితే నిలుస్తుందని వోర్టిగెర్న్ రాజుకు జ్ఞానులు చెప్పారు. బలికి తెచ్చిన పిల్లవాడు ఎమ్రిస్, పునాది కింద నీటి గుంట ఉందనీ, అందులో ఎర్ర డ్రాగన్, తెల్ల డ్రాగన్ ఉన్నాయనీ చూపించాడు. అవి పోరాడితే ఎర్రది తెల్లదాన్ని తరిమేసింది. ఎర్రది బ్రిటన్లకు, తెల్లది సాక్సన్లకు గుర్తు అన్నాడు. 9వ శతాబ్దపు లాటిన్ గ్రంథంలో ఉన్న కథ ఇది. 1950లలో దినాస్ ఎమ్రిస్ కొండ మీద తవ్వితే, మనుషులు తవ్విన నీటి గుంట నిజంగానే కనబడింది. 1959లో వేల్స్ ఎర్ర డ్రాగన్ జెండాకు అధికారిక గుర్తింపు వచ్చింది.

కొలతకు లొంగని సమాధి

ఆ లాటిన్ గ్రంథంలోనే రెండు వింతలున్నాయి. కథల్లోని ఆర్థర్ రాజు వేటకుక్క కావల్ అడుగు ముద్ర పడిన రాయి ఒక రాళ్లకుప్ప మీద ఉందట. దాన్ని ఎవరు ఎత్తుకుపోయినా మర్నాటికి తిరిగి చేరుతుందట. రెండోది ఆర్థర్ కొడుకు అమ్ర్ సమాధి. కొడుకును చంపింది తండ్రే. ఆ సమాధి ఒకసారి ఆరడుగులు, ఇంకోసారి తొమ్మిది, పన్నెండు, పదిహేను వస్తుందని, తాను స్వయంగా కొలిచి చూశానని రచయిత రాసుకున్నాడు. వెయ్యేళ్ల కిందటే ఒక మనిషి కథ విని ఊరుకోకుండా, కొలవడానికి ఆ చోటికి వెళ్లాడు.

సముద్రం కింద అడవి

కార్డిగన్ అఖాతం కింద మునిగిన రాజ్యం ఉందని నమ్మకం. 13వ శతాబ్దపు ‘కార్మార్తెన్ నల్ల పుస్తకం’లోని కవిత ప్రకారం దాన్ని ముంచిన నేరం బావికి కాపలా ఉన్న మెరెరిద్ అనే అమ్మాయిది. తర్వాతి కథల్లో అది తాగి నిద్రపోయిన కావలివాడిదైంది. బోర్త్, అనిస్‌లాస్ బీచ్‌ల దగ్గర సముద్రం వెనక్కి తగ్గినప్పుడు చెట్ల మొదళ్లు బయటపడతాయి. అవి నాలుగున్నర వేల ఏళ్లకు పైబడిన అడవివి. సముద్రమట్టం పెరిగి ఆ నేల నిజంగానే మునిగింది. 2014 తుపానులు ఇసుకను ఊడ్చేసినప్పుడు అవి విస్తారంగా కనబడ్డాయి.

పంచతంత్రం చేరిన ఊరు

బెద్‌గెలర్ట్ ఊళ్లో ఒక కుక్క సమాధి ఉంది. పసిబిడ్డను తోడేలు నుంచి కాపాడిన గెలర్ట్‌ను, మూతి మీది నెత్తురు చూసి లెవెలిన్ రాజు పొరబడి చంపేశాడట. బ్రాహ్మణుడి ఇంటి ముంగిస కథ విన్నవాళ్లకు ఇది కొత్త కాదు. పంచతంత్రంలోని ఆ కథే పారశీక, అరబ్బీ భాషల మీదుగా ఐరోపా చేరి, ముంగిస కుక్క అయింది. బెద్‌గెలర్ట్‌కు దాన్ని అంటగట్టి సమాధిని నిలబెట్టింది 18వ శతాబ్దం చివర్లో అక్కడి హోటల్ యజమాని అంటారు.

శిఖరం అసలు పేరు

వేల్స్‌లో అన్నిటికన్నా ఎత్తైన శిఖరం, 1,085 మీటర్ల స్నోడన్, ఒక రాక్షసుడి సమాధి అని కథ. ఓడించిన రాజుల గడ్డాలతో అంగీ కుట్టించుకున్న రిటా అనే ఆ రాక్షసుణ్ని ఆర్థర్ చంపి, పైన రాళ్లు పేర్పించాడట. ఆ కథను మోస్తున్నది, సమాధి అని అర్థమొచ్చే ఆ కొండ వెల్ష్ పేరు ‘అర్ విద్వా’. 2022లో జాతీయ పార్కు సంస్థ ఇకపై ఆ పేరే వాడతామని నిర్ణయించింది. చారిత్రక స్థలనామాల జాబితాను ప్రభుత్వమే నిర్వహించాలని 2016లోనే వేల్స్ చట్టం చేసింది. చేయవలసిన పనే అది. పుస్తకం పోతే ప్రతి ఎక్కడో దొరకొచ్చు. వాగు పేరు, దిబ్బ పేరు మారిపోతే మాత్రం, ఆ కథ ఎక్కడ జరిగిందో చెప్పే సాక్షి ఇంకొకరు ఉండరు.