కడలి దాటే కాలిజోళ్ళు

హైదరాబాద్‌లోని కంచన్‌బాగ్ అనగానే ఎవరికైనా ముందు గుర్తొచ్చేవి క్షిపణులు, లోహాలు. డి.ఆర్.డి.ఎల్., డి.ఎం.ఆర్.ఎల్., మిధాని, బి.డి.ఎల్. అనే రక్షణ రంగ సంస్థలు ఒకే పేటలో కొలువుదీరాయి. అర్జున్ యుద్ధట్యాంకు కవచానికి ‘కంచన్’ అని పేరొచ్చింది కూడా ఈ పేట వల్లే. ఇక్కడి పరిశోధనకు కాలికి తొడిగే వస్తువులోనూ ఒక ఘనత ఉంది. అబ్దుల్ కలాం హైదరాబాద్‌లో క్షిపణుల పనిలో ఉన్న రోజుల్లో నిమ్స్ ఎముకల వైద్యుడొకరు ప్రయోగశాలకు వచ్చారు. అక్కడి కార్బన్ పదార్థాన్ని చేత్తో ఎత్తి చూసి, అంత తేలికా అని ఆశ్చర్యపోయి, కలాంను తన ఆసుపత్రికి తీసుకెళ్ళారు. పోలియో సోకిన పిల్లలు మూడు కిలోలకు పైగా బరువున్న ఇనప కాలిపర్లు ఈడ్చుకుంటూ నడుస్తున్నారక్కడ. మూడు వారాల్లో 300 గ్రాముల కాలిపర్లు తయారయ్యాయి. తనకు అమితానందం ఇచ్చిన పనుల్లో ఇదొకటని కలాం చాలా సభల్లో చెప్పుకున్నారు.

పరుగుపందేల వాళ్ళ తూకం ఇంకో రకం. ఆడిడాస్ 2023లో తెచ్చిన ‘ఆడిజీరో ఆడియోస్ ప్రో ఈవో 1’ ఒక్కో బూటు 138 గ్రాములు, జత ధర 500 డాలర్లు. ఆ ఏడాది సెప్టెంబరులో ఇథియోపియా అమ్మాయి టిగిస్ట్ అసెఫా వాటితో బెర్లిన్ మారథాన్‌ను 2 గంటల 11 నిమిషాల 53 సెకన్లలో పూర్తిచేసి, మహిళల రికార్డును రెండు నిమిషాలకు పైగా కిందికి దించింది. ఆమె దేశంవాడే అబెబె బికిలా 1960 రోమ్ ఒలింపిక్స్‌లో అదే దూరం వట్టికాళ్ళతో 2:15:16కి పరిగెత్తి బంగారు పతకం కొట్టాడు. అరవై మూడేళ్ళ శాస్త్రం, 500 డాలర్ల జోడు కలిసి సాధించిన తేడా మూడున్నర నిమిషాల లోపే. బికిలాదే గొప్ప అని నా పక్షపాతం.

ఇక అసలు సంగతికి వద్దాం. పాతబస్తీ నుంచి బేగంబజార్ దాకా హోల్‌సేల్ వ్యాపారం చేసేవాళ్ళలో, విదేశీ ఫ్యాక్టరీ నుంచి స్పోర్ట్స్ షూస్ నేరుగా తెప్పిస్తే ఎలా ఉంటుందని ఒక్కసారైనా లెక్క వేసుకోనివాళ్ళు తక్కువ. ఆ లెక్కలో తగిలే వింతల ముందు పరుగుపందేల రికార్డులు దిగదుడుపే.

లేని కంపెనీ పేరుతో తొలి ఆర్డరు

ఈ వ్యాపారానికి ఆదిపురుషుడు అనదగ్గవాడు ఫిల్ నైట్. 1962లో, చదువు అప్పుడే ముగించిన కుర్రాడు, జపాన్‌లోని కోబె నగరంలో ఒనిట్సుకా ఫ్యాక్టరీ తలుపు తట్టాడు. ఏ కంపెనీ తరఫున వచ్చావని అడిగితే నోటికొచ్చిన పేరు చెప్పాడు: బ్లూ రిబ్బన్ స్పోర్ట్స్. అప్పటికి అలాంటి కంపెనీ లేదు. శాంపిళ్ళకు డబ్బు కట్టి ఇంటికెళితే, జోళ్ళు చేతికందడానికి ఏడాది పైన పట్టింది. శాంపిలు ఆలస్యమైందని ఇవాళ చైనా సప్లయరును తిట్టుకునేవాళ్ళు ఇది గుర్తుంచుకోవాలి.

1964 జనవరిలో తన పాత కోచ్ బిల్ బోవర్‌మన్‌తో చెరో 500 డాలర్లు వేసుకుని 300 జతలు ఆర్డరిచ్చాడు. దుకాణం లేదు. కారు డిక్కీలో వేసుకుని పరుగుపందేలు జరిగే చోటుకల్లా వెళ్ళి అమ్మాడు. మొదటి ఏడాది 1,300 జతలు పోయాయి, వచ్చింది 8,000 డాలర్లు. ఆ తర్వాత ఒనిట్సుకా వేరే పంపిణీదారుల వైపు చూడటం, వీళ్ళు 1971లో ‘నైకీ’ అని సొంత పేరు పెట్టుకోవడం, కోర్టుకెక్కడం వరసగా జరిగాయి. చివరికి ఒకే బూటును ఇద్దరూ అమ్ముకోవచ్చని తీర్పొచ్చింది. ‘కోర్టెజ్’ అన్న పేరు నైకీకి దక్కింది, ఒనిట్సుకా అదే బూటుకు ‘కోర్సైర్’ అని పేరు మార్చుకుంది. నైకీ టిక్కు గుర్తు గీసిన విద్యార్థిని కెరొలిన్ డేవిడ్‌సన్‌కు అప్పట్లో ముట్టింది 35 డాలర్లు.

ఆ జపాన్ కంపెనీ పెట్టిన ఒనిట్సుకా కూడా తక్కువ తినలేదు. ఆయన గిన్నెలోని ఆక్టోపస్ ముక్కకున్న పీల్చుడు గుంటలు చూసి బాస్కెట్‌బాల్ బూటు అడుగుభాగం డిజైను చేశాడు. ఆ కంపెనీయే నేటి ఆసిక్స్.

పేరొకరిది, ఫ్యాక్టరీ ఇంకొకరిది

కొన్ని వేల కోట్ల డాలర్ల బూట్లు అమ్మే నైకీ వాటిని కుట్టే పని దాదాపు అంతా బయటివాళ్ళకే అప్పగించింది. 2023 ఆర్థిక సంవత్సరంలో ఆ బూట్లలో సగం వియత్నాంలో, 27 శాతం ఇండోనేషియాలో, 18 శాతం చైనాలో తయారయ్యాయి. ఇలాంటి బ్రాండ్లకు కుట్టిపెట్టేవాళ్ళలో పెద్దన్న తైవాన్‌కు చెందిన పౌ చెన్. 1969లో మామూలు రబ్బరు, ప్లాస్టిక్ చెప్పులతో మొదలైన ఈ సంస్థ, తన యూ యువాన్ కంపెనీ ద్వారా 2019లో ఒక్క ఏడాదే 32 కోట్ల జతల పైచిలుకు తయారుచేసింది.

ఇంత పెద్ద ఫ్యాక్టరీలు మూడు వేల జతలు కావాలని వచ్చిన హోల్‌సేలరును లోపలికి రానివ్వవు. “అదే ఫ్యాక్టరీ సరుకు, లేబుల్ ఒక్కటే లేదు” అని ఎవరైనా చెబితే నమ్మడం మన ఇష్టం. చైనా ఫుజియన్ రాష్ట్రంలో జిన్‌జియాంగ్ సొంత బ్రాండ్లకు పేరుపడితే, దానికి దగ్గర్లోనే ఉన్న పుటియన్ నకిలీలకు పేరుమోసింది. మన మార్కెట్లో ‘ఫస్ట్ కాపీ’, ‘సెవెన్ ఏ’ అని పిలుచుకునే సరుకుతో చిక్కు ఏమిటంటే, 2007 నాటి మేధోహక్కుల నిబంధనల కింద బ్రాండు యజమాని తన ట్రేడ్‌మార్కును కస్టమ్స్ వద్ద నమోదు చేయించుకుని ఉంటే సరుకు రేవులోనే ఆగిపోతుంది. నకిలీ అని తేలితే ధ్వంసం చేస్తారు, పెట్టుబడి తిరిగి రాదు.

పేర్ల గొడవలో రికార్డు మాత్రం బాస్కెట్‌బాల్ వీరుడు మైకేల్ జోర్డాన్‌దే. చైనాలో ‘చియావోడాన్’ అంటే జోర్డాన్. ఆ పేరుతో అక్కడొక కంపెనీ ఆయన్ను అడక్కుండానే బూట్లు అమ్మింది. చైనా లిపిలో ఆ పేరు మీద ఆయనకు హక్కుందని అక్కడి సుప్రీం పీపుల్స్ కోర్టు 2016 డిసెంబరులో తీర్పు చెప్పింది. దావాలు ఆ తర్వాత కూడా నడిచాయి.

విదేశీ ఫ్యాక్టరీయే మన ఇంటికొచ్చిన ముచ్చట కూడా ఒకటుంది. ఇప్పటి తిరుపతి జిల్లా తడ మండలంలోని మాంబట్టులో తైవాన్ వాళ్ళ అపాచీ సంస్థ 2006 నుంచి ఉంది. ఆడిడాస్ బూట్లు కుడుతుంది. చుట్టుపక్కల ఊళ్ళ ఆడపిల్లలే అక్కడి కార్మికుల్లో ఎక్కువమంది. 2022 జూన్‌లో శ్రీకాళహస్తి దగ్గర ఇనగలూరులో మరో ఫ్యాక్టరీకి శంకుస్థాపన జరిగింది.

కొనేవాడికి దొరకని లైసెన్సు

హోల్‌సేలరుకు అన్నింటికంటే వింతగా తోచేది ఇదే. 2023 జులై నుంచి దశలవారీగా, 2024 ఆగస్టు 1 నాటికి మన దేశంలో అమ్మే చాలా రకాల పాదరక్షలకు ఐఎస్ఐ గుర్తు తప్పనిసరి చేశారు. స్పోర్ట్స్ షూస్‌కు వర్తించే ప్రమాణం ఐఎస్ 15844. మామూలు వాడకానికి ఒక భాగం, అసలు క్రీడలకు ఇంకో భాగం. మరి దిగుమతి సరుకుకు ఆ గుర్తు ఎవరు వేయాలి? కొనేవాడు కాదు. చైనాలోనో వియత్నాంలోనో ఉన్న ఫ్యాక్టరీయే భారత ప్రమాణాల సంస్థ, అంటే బిఐఎస్, దగ్గర లైసెన్సు తెచ్చుకోవాలి. మన అధికారులు అక్కడికెళ్ళి తనిఖీ చేయాలి, వాళ్ళ ప్రయాణ ఖర్చు దరఖాస్తుదారే పెట్టుకోవాలి. పదివేల డాలర్ల బ్యాంకు గ్యారంటీ ఇవ్వాలి, ఇండియాలో ఒక అధీకృత ప్రతినిధిని చూపించాలి.

కాబట్టి సప్లయరును అడగాల్సిన మొదటి ప్రశ్న జత ఎంత అని కాదు, నీకు బిఐఎస్ లైసెన్సు ఉందా అని. ఉందంటే నంబరు అడిగి, ‘బిఐఎస్ కేర్’ యాప్‌లో కొట్టి చూడాలి. అక్కడ ఆ ఫ్యాక్టరీ పేరు, చిరునామా కనిపించకపోతే బేరం అక్కడితో సరి. ఇంకో మాట, కొందరు ట్రేడింగ్ కంపెనీలుగా ఉంటూ ఫ్యాక్టరీలమని చెప్పుకుంటారు. ఈ ప్రశ్నతో ఆ ముసుగూ జారిపోతుంది.

తర్వాత సుంకం. పాదరక్షల మీద 2020 బడ్జెట్ 25 శాతాన్ని 35 చేసింది. దాని మీద సంక్షేమ సర్‌చార్జి కలిపితే 38.5. 2025 బడ్జెట్‌లో ప్రాథమిక సుంకం 20కి తగ్గిందని సంబరపడినవాళ్ళకు 18.5 శాతం వ్యవసాయ సెస్సు ఎదురొచ్చింది. సర్‌చార్జి ఎత్తేశారు కాబట్టి మొత్తం మళ్ళీ 38.5. చెప్పులకు వ్యవసాయ సెస్సేమిటని అడక్కండి. లెక్క వేద్దాం: బీమా, రవాణా కలిపి రేవుకు 800 రూపాయలకు చేరిన జత మీద సుంకం 308. ఆ 1,108 మీద, జత 2,500 లోపు అయితే 5 శాతం జీఎస్టీ, అంటే 55 రూపాయల 40 పైసలు. సరుకు రేవు దాటకముందే జత 1,163 అయింది. జీఎస్టీ తర్వాత సర్దుబాటవుతుంది, సుంకం తిరిగి రాదు. వియత్నాం, ఇండోనేషియాల నుంచి ఆసియాన్ ఒప్పందం కింద తెచ్చుకుంటే రాయితీకి అవకాశముంది. అయితే బూటు నిజంగా అక్కడే తయారైందని చూపించే కాగితాల బాధ్యతను 2020 సెప్టెంబరు నుంచి దిగుమతిదారు మీదే పెట్టారు.

సుంకం తప్పించుకునే తెలివిలో అమెరికావాళ్ళను మించినవాళ్ళు లేరు. కాన్వర్స్ చక్ టేలర్ కొత్త జోడు అడుగున వేలితో రుద్దితే సన్నటి నూగు తగులుతుంది. నడిచిన కొద్ది రోజులకే ఊడిపోయే ఆ నూగు సుఖం కోసం వేసింది కాదు. నేలను తాకే భాగంలో సగానికి మించి బట్ట ఉంటే అమెరికా కస్టమ్స్ దాన్ని ఇంట్లో వేసుకునే చెప్పుల లెక్కలో వేస్తుంది, సుంకం 37.5 శాతం నుంచి అమాంతం పడిపోతుంది.

నీళ్ళపాలైనవి, ఒంటరి బూట్లు

ఇరవై అడుగుల కంటెయినరులో 33 ఘనమీటర్ల జాగా ఉంటుంది. సర్దగా సర్దగా పట్టేది 28. పన్నెండు జతల కార్టను ఒక్కొక్కటి దాదాపు 0.1 ఘనమీటరు అనుకుంటే 280 కార్టన్లు, మూడు వేల మూడొందల చిల్లర జతలు. బరువు మూడు నాలుగు టన్నులు దాటదు. ఇరవై టన్నులకు పైగా మోయగల పెట్టెలో మనం కిరాయి కట్టేది ఎక్కువగా డబ్బాల్లోని గాలికి. అందుకే కొందరు డబ్బాలు మడతపెట్టి విడిగా పంపమంటారు. పెట్టె చెన్నైలోనో నావా షెవాలోనో దిగి, రైలెక్కి సనత్‌నగర్ డిపోకు వస్తుంది. సముద్రం లేని హైదరాబాద్‌కు అదే రేవు.

అన్ని పెట్టెలూ గమ్యం చేరవు. 1990 మే 27న ‘హాన్సా క్యారియర్’ ఓడ తుఫానులో చిక్కి, పసిఫిక్‌లో 21 కంటెయినర్లు జారవిడిచింది. వాటిలో కొన్నింట్లో నైకీ బూట్లు, సుమారు 61 వేలు. నెలల తర్వాత అమెరికా, కెనడా తీరాలకు ఒక్కొక్కటిగా కొట్టుకొచ్చాయి. కడిగితే తొడుక్కునేలాగే ఉన్నాయి. ఎడమది ఒకరికి, కుడిది ఇంకొకరికి దొరకడంతో జతలు కలుపుకోవడానికి జనం మార్పిడి సంతలు పెట్టుకున్నారు. కర్టిస్ ఎబ్స్‌మేయర్ అనే సముద్ర శాస్త్రవేత్త ఆ బూట్లు తేలిన చోట్లు, తేదీలు పట్టిక వేసి పసిఫిక్ ప్రవాహాల నమూనాలు సరిచూశాడు.

ఆ సంతలు పెరూ దొంగలకు పనికొచ్చేవి. 2023లో హువాన్‌కాయో పట్టణంలో ఒక దుకాణం కొల్లగొట్టి 200కు పైగా స్పోర్ట్స్ షూస్ ఎత్తుకెళ్ళారు. అన్నీ కుడికాలివే. ఒంటి బూటుకు విలువ లేదనుకోవద్దు. 2024 ఫిబ్రవరిలో సోత్‌బీస్ వేలంలో జోర్డాన్ ఆరు టైటిళ్ళు గెలిచిన మ్యాచుల బూట్లు, ఒక్కో మ్యాచుకు ఒక్కోటి చొప్పున ఆరు, 80 లక్షల డాలర్లకు పైగా పలికాయి.

మనకు సముద్రం కంటే గోదాముతోనే ప్రమాదం. పాలీయురిథేన్ అడుగున్న బూట్లను తేమలో ఏళ్ళ తరబడి ఉంచితే, వాడకపోయినా పొడిపొడిగా రాలిపోతాయి. ఈవీఏ అడుగుకు ఆ జబ్బు లేదు. చవగ్గా వస్తున్నాయని పాత స్టాకు కొనేవాళ్ళు డబ్బా మీది తయారీ నెల కంటే ముందు బూటు అడుగు చూడాలి.

బూట్లు లేని నగరం

ఇంత ఆరాటపడుతున్న ఊరు ఒకప్పుడు బూట్లు లేకుండానే ఫుట్‌బాల్ రాజధాని. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆ జట్టును తీర్చిదిద్దిన సయ్యద్ అబ్దుల్ రహీం భారత జట్టుకూ కోచ్. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో మనవాళ్ళు చాలామంది వట్టికాళ్ళతోనే దిగి యుగోస్లావియా చేతిలో 10–1తో ఓడారు. ఆ దెబ్బతో బూట్లు తప్పనిసరి అయ్యాయి. నాలుగేళ్ళకు మెల్‌బోర్న్‌లో అదే రహీం జట్టు నాలుగో స్థానంలో నిలిచింది.

ఇప్పుడు ఊళ్ళో అతి పెద్ద బూటు చూడాలంటే బహదూర్‌పురాలోని సుధా కార్స్ మ్యూజియానికి వెళ్ళాలి. ప్రపంచంలోకెల్లా పెద్ద మూడు చక్రాల సైకిలు చేసి గిన్నిస్‌కెక్కిన సుధాకర్, ఎత్తు మడమ చెప్పు ఆకారంలో కారు కూడా చేశారు. అది నడుస్తుంది కూడా.

భ కొలత

కార్టను విప్పితే కనిపించే అసలు సమస్య కొలతలు. బూటు నాలుక లోపలి చీటీ మీద యూకే 8, యూఎస్ 9, యూరో 42, ఒక్కోసారి పక్కనే మిల్లీమీటర్లు. బ్రిటిష్ కొలతలో ఒక్కో నంబరుకు తేడా బార్లీ గింజంత, అంటే అంగుళంలో మూడో వంతు. అది పొడవు మాత్రమే చెబుతుంది. మన పాదం ముందుభాగం వెడల్పు ఎక్కువ, విదేశీ అచ్చు సన్నం. అందుకే కొనేవాడు ఒక నంబరు పెద్దది తీసుకుని లేసులు బిగించి కట్టుకుంటాడు.

చెన్నైలోని కేంద్ర తోళ్ళ పరిశోధన సంస్థ 2021 డిసెంబరు నుంచి 2022 మార్చి దాకా దేశంలో 79 చోట్ల 1,01,880 మంది పాదాలను త్రీడీ స్కానర్లతో కొలిచింది. దాని ఆధారంగా, అరసైజులు అక్కర్లేకుండా, చంటిపిల్లల నుంచి పెద్దల దాకా మొత్తం ఎనిమిది కొలతలతో ‘భ’ అనే పద్ధతిని ప్రతిపాదించారు. భ అంటే భారత్. అది అమల్లోకి వస్తే హోల్‌సేలరు సెట్టులో నంబర్లు తగ్గుతాయి, అమ్ముడుపోక మిగిలే అంచు సైజులూ తగ్గుతాయి. కాకపోతే ఆ కొలతకు అచ్చులు మార్చమని జిన్‌జియాంగ్ ఫ్యాక్టరీని ఒప్పించాలంటే మూడు వేల జతల ఆర్డరు చాలదు.