మిషను మీద అలిగితే నష్టం మనకే

తమ్మీ, చెల్లె, ముందుగాల నా తప్పు నేనే ఒప్పుకుంట. మా దిక్కు కంప్యూటర్లు వచ్చిన కొత్తల ‘గిది మన పొట్ట కొట్టేదే’ అని మీటింగులల్ల గట్టిగ మాట్లాడినోన్ని. పదోతరగతి కాడనే నా చదువు ఆగింది. ఇంగ్లీషంటే భయం. ఆ భయాన్నే సిద్ధాంతం అనుకున్న.

కొన్నేండ్ల కింద మా దగ్గర కొందరు కూలోళ్లకు పైసలు పడలె. హాజరు కాయితాలు ఒక దిక్కు, పైసలు పడ్డ లిస్టు ఒక దిక్కు. రెండొందల పేర్లు. మూడు రాత్రులు కూసున్నా సగం కాలె. డిగ్రీ చదివే మా మేనకోడలు పొద్దటినుంచి రెండు లిస్టులు ఎక్కించి, పైథాన్‌ల ఇరవై లైన్లు రాసి, ఎవలకు ఎన్ని దినాల పైసలు రాలేదో పొద్దుగూకేసరికి తీసి చేతుల పెట్టింది. ఆ కాయితం పట్టుకొని పోయినంకనే మా మాట విన్నరు.

ప్రోగ్రామింగ్ భాష అంటే బ్రహ్మవిద్య ఏం కాదు. మిషనుకు పని చెప్పే తీరు. మనిషికి సగం చెప్తే సమజైతది, మిషనుకు మాత్రం ఒక్కో మెట్టు విడమరిచి చెప్పాలె. దినాలను రేటుతోని గుణించు, పడ్డ పైసలు తీసెయ్యి, ఇంక మిగిలితే ఆ పేరు రాయి. గంతే. పైథాన్‌ను నెదర్లాండ్స్‌కు చెందిన గీడో వాన్ రాసమ్ 1991ల బయటపెట్టిండు. పైస కట్టేది లేదు, ఫోన్ల గూడ నడుస్తది. 2008ల వచ్చిన పైథాన్ 3 అయితే, దినాలెన్ని, రేటెంత అని ముందు చెప్పి ‘కూలి = దినాలు * రేటు’ అని తెలుగుల రాసినా తీసుకుంటది. ఇఫ్, ఫర్ లాంటి కొన్ని మాటలే ఇంగ్లీషువి.

వర్చువల్ రియాలిటీ గూడ మాయ కాదు. రెండు కండ్లకు కొద్దిగ తేడాతోని రెండు బొమ్మలు చూపిస్తరు. మెదడు వాటిని కలుపుకొని లోతు ఉన్నదనుకుంటది. తల తిప్పితే లోపలున్న సెన్సర్ పసిగట్టి బొమ్మను గూడ తిప్పుతది. 2014ల గూగుల్ ఒక అట్టపెట్టె, రెండు అద్దాలు, మామూలు ఫోన్‌తోనే ఇది చేసి చూపింది. కరెంటు పని, క్రేన్ పని లాంటివి పానం మీదికి రాకుండ మొదలు గిట్ల నేర్చుకోవచ్చు. చేతిపని మాత్రం చేతితోనే రావాలె.

కొత్తదానికి తలుపు తీసుడంటే కండ్లు మూసుకొని మొక్కుడు కాదు. దీన్ని ఎవలు చేసిండ్రు? మన వివరాలు ఎటు పోతున్నయి? తప్పైతే ఎవలను అడగాలె? గివి అడగాలన్నా లోపల ఏం జరుగుతదో కొంత తెలవాలె. తెలవనోడు దండం పెడ్తడు, లేకుంటే తిడ్తడు. రెండింటితోని మిషను మారదు.

రోజుకు అర్ధగంట రీల్స్ పక్కకు పెట్టుండ్రి. మీ ఇంటి పాల లెక్కతోనే మొదలువెట్టుండ్రి. తప్పులు వస్తయి. నాకైతే ఇంక వస్తనే ఉన్నయి, మా మేనకోడలు నవ్వుతనే ఉన్నది. నవ్వనియ్యి. ఈసారి లిస్టు చేతికి వస్తే మూడు రాత్రులు కూసోవుడు మాత్రం ఉండదు.