నల్లరేగడిపై రోడ్డు

బాసర నుండి ముథోల్ మీదుగా భైంసా పోవు రోడ్డు పెద్దదేమీ కాదు. కాని సరస్వతీ దర్శనమునకు వచ్చు బస్సులును, పత్తి లారీలును ఈ దారినే నడచును. ఇరువైపుల నల్లరేగడి చేలు. పత్తికి మేలైన ఈ నేల రోడ్డుకు మాత్రము పగ.

దక్కనులో సుమారు 6 కోట్ల 60 లక్షల ఏండ్ల క్రిందట పొంగిన లావా గడ్డకట్టి నల్లరాయి అయినది. ఆ రాయి చివికి రేగడి అయినది. ఇందులో మాంట్‌మొరిల్లొనైట్ అను బంకఖనిజము కలదు. దాని కణము పుస్తకమువలె పొరలు పొరలుగా నుండును. ఒక్కొక్క పొర మందము సెంటీమీటరులో సుమారు కోటివ వంతు. వానకు నీరు పొరల నడుమ దూరి నేల ఉబ్బును. ఎండకు కుంచించుకొని నెర్రెలు విచ్చును.

రోడ్డు నడుమ తారు కప్పియుండుటచే దాని క్రింది తేమ అంతగా మారదు. అంచులు ఏటేట తడిసి ఎండుచుండును. అందుచే బీటలు మొదట అంచు వెంబడి కనబడును. ఆ బీటలలోనికి వాన దిగినచో అడుగు మన్ను బలము కోల్పోవును. మిగిలిన పని లారీ చక్రము చేయును. గుంత పూడ్చినంత మాత్రమున ఈ జబ్బు కుదరదు. మన్నులో నూటికి 3 నుండి 5 పాళ్లు సున్నము కలిపినచో కాల్షియము పొరలను దగ్గరగా పట్టియుంచి ఉబ్బును తగ్గించును. నీరు నిలువనీయని ప్రక్కకాలువ అంతకంటె చౌక. మనము తరచు మరచునదియు అదే.

బడిలో దీనిని చూపవచ్చును. ఎండబెట్టి నూరి, సన్నని జల్లెడ పట్టిన రేగడి 10 గ్రాముల చొప్పున రెండు 100 మి.లీ. కొలజాడీలలో వేసి, ఒకదానిని నీటితో, రెండవదానిని కిరోసినుతో నింపి కలియబెట్టుడు. కిరోసిను పొరలలోనికి దూరదు. 24 గంటల తరువాత రెండింటి మన్ను పరిమాణములను చదివి, వాని భేదమును కిరోసినులోని పరిమాణముతో భాగించి 100 చే గుణింపుడు. ఫలితము 50 దాటిన మన్నును రోడ్డు కట్టకు వాడరాదని ఇంజనీర్ల నిబంధన.