పిండిపొర లేని ఆపిల్ పై

పిండిపొర లేని ఆపిల్ పై అనేది ఆపిల్ ముక్కలకు చక్కెర, దాల్చినచెక్క పొడి, నిమ్మరసం చేర్చి, అడుగున పిండిపొర పరచకుండా నేరుగా పళ్ళెంలో ఉంచి, వాటిపైన పొడిపొడిగా కలిపిన పిండిని గాని, జారుగా కలిపిన పిండిని గాని వేసి కాల్చే తీపి వంటకం. ఐరోపా, అమెరికా దేశాలలో ప్రసిద్ధమైన ఆపిల్ పైకి ఇది సులభమైన రూపం. పిండిని వత్తి, మడిచి, పళ్ళెంలో చిరగకుండా పరిచే నేర్పు దీనికి అక్కరలేదు. కడప జిల్లాలోని ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల వంటి ఎండ తీవ్రత గల ఊళ్ళలో ఆపిల్ పై చేయదలచినవారికి ఈ రూపమే అనువైనది. ఇందుకు కారణం వంట రాకపోవడం కాదు, వెన్న స్వభావం. ఆ వివరణ ఇదే వ్యాసంలో కింద ఉంది.

పేరు

పై అనే పేరు ఆంగ్లం నుండి వచ్చింది. మీద అనే అర్థమిచ్చే తెలుగు మాటతో దీనికి సంబంధం లేదు. అయితే మామూలు పైలో పిండి అడుగున, చుట్టూ, తరచుగా పైన కూడా ఉంటుంది. ఇక్కడ చెప్పే రకంలో పైన మాత్రమే ఉంటుంది. కనుక తెలుగులో ఈ పేరు అనుకోకుండానే అతికినట్లు సరిపోయింది.

మన వంటలతో పోల్చి చెప్పాలంటే, లోపలి పండ్ల ముద్ద ఓళిగలోని పూర్ణం వంటిది, పిండిపొర ఓళిగ పైపొర వంటిది. కోస్తా జిల్లాలవారు బొబ్బట్టు అనేదానినే రాయలసీమలో ఓళిగ అంటారు. పూర్ణాన్ని పొరలో పెట్టకుండా గిన్నెలో వేసి, దానిమీద వెన్న కలిపిన పిండి చల్లి కాల్చినట్లు ఊహించుకుంటే ఈ వంటకం రూపం బోధపడుతుంది. ఆంగ్లంలో దీని రకాలకు క్రంబుల్, క్రిస్ప్, బ్రౌన్ బెట్టీ అనే వేర్వేరు పేర్లున్నాయి. పిండిపొర లేనిదానిని పై అని పిలవడానికి కొందరు పాశ్చాత్యులే ఒప్పుకోరు. చరిత్ర చూస్తే ఆ పట్టుదలకు అంత బలమైన ఆధారం కనబడదు.

చరిత్ర

ఆపిల్ పుట్టినిల్లు మధ్య ఆసియాలోని తియాన్‌షాన్ పర్వత ప్రాంతం, ముఖ్యంగా నేటి కజక్‌స్తాన్. అక్కడి నుండి అది ఐరోపాకు చేరింది. ఇంగ్లండులో 1390 ప్రాంతంలో రెండవ రిచర్డ్ రాజు వంటవారు కూర్చిన ‘ఫార్మ్ ఆఫ్ క్యూరీ’ అనే వంటల సంకలనంలో ఆపిల్, పియర్, అత్తి, ఎండుద్రాక్ష, సుగంధద్రవ్యాలు, కుంకుమపువ్వు వేసి చేసే వంటకం ఉంది. అందులో చక్కెర లేదు. తీపి అంతా పండ్లదే. పండ్ల ముద్దను పిండితో చేసిన పెట్టెలో పోసి కాల్చమని అందులో ఉంటుంది. ఆ కాలంలో ఈ పిండిపెట్టె గట్టిగా ఉండి, ముఖ్యంగా పాత్రగా ఉపయోగపడేది. అనగా పిండిపొర తొలుదొల్త రుచి కోసం కన్న గిన్నె పని కోసం పుట్టింది. గిన్నె ఉన్న ఇంట దానిని వదిలివేస్తే పోయేదేమీ లేదు.

అమెరికాలో 1796లో అచ్చయిన అమీలియా సిమ్మన్స్ గ్రంథం ‘అమెరికన్ కుకరీ’లో ఆపిల్ పై తయారీ ఉంది. తరువాతి కాలంలో అది ఆ దేశపు గుర్తులలో ఒకటైంది. పిండిపొర లేని రకానికి బ్రిటనులో ఆదరణ పెరిగింది రెండవ ప్రపంచయుద్ధ కాలంలో. అక్కడ 1940 జనవరిలో వెన్న, చక్కెరలకు రేషన్ మొదలైంది. పొరకు కావలసినంత వెన్న దొరకక గృహిణులు ఉన్న కొద్దిపాటి కొవ్వును పిండిలో నలిపి పండ్ల మీద చల్లి కాల్చడం అలవాటు చేసుకున్నారు. 1954లో రేషన్ ఎత్తివేసిన తరువాత కూడా ఆ అలవాటు పోలేదు. దీనికి సరిగ్గా తలకిందులైన వంటకం కూడా ఒకటుంది. అమెరికాలో 19వ శతాబ్దంలో ఆపిల్ దొరకని వారు ఉప్పు బిస్కట్లను పులుపు పాకంలో నానబెట్టి, పిండిపొరలో పెట్టి, ఆపిల్ లేని ఆపిల్ పై చేసేవారు!

ఎండ ప్రాంతాలలో పిండిపొరతో చిక్కు

మంచి పిండిపొర పెళుసుగా, రేకులు రేకులుగా విడిపోవాలి. ఇందుకోసం చల్లని వెన్నను చిన్న ముక్కలుగా పిండిలో కలుపుతారు. వత్తినప్పుడు ఆ ముక్కలు పలచని బిళ్ళలై పిండి పొరల మధ్య నిలుస్తాయి. ఓవెన్ వేడికి వెన్నలోని నీరు ఆవిరై పొరలను విడదీస్తుంది. వెన్నలో సుమారు ఆరవ వంతు నీరే ఉంటుంది. వెన్న ముందే కరిగితే పిండి దానిని పీల్చుకుంటుంది. అప్పుడు రేకులు రావు, పొర గట్టి బిళ్ళ అవుతుంది.

వెన్న 20 డిగ్రీల సెల్సియస్ దాటితే మెత్తబడుతుంది, 32 నుండి 35 డిగ్రీల మధ్య కరిగిపోతుంది. కడప జిల్లాలో ఏప్రిల్, మే నెలలలో పగటి ఉష్ణోగ్రత 40 డిగ్రీలు దాటడం మామూలే. పొయ్యి వెలిగించిన వంటింటి సంగతి చెప్పనక్కరలేదు. చలికాలంలో కూడా మధ్యాహ్నం వేళ వెన్న గట్టిగా నిలవదు. పిండిని మాటిమాటికి ఫ్రిజ్‌లో పెట్టి తీస్తూ చేయవచ్చును గాని, మధ్యలో కరెంటు పోతే శ్రమ అంతా వృథా. ఆంగ్ల పుస్తకాలలో వెన్నను గది వేడిమిలో ఉంచండి అని ఉంటే, ఆ గది లండనుదో చికాగోదో అని గ్రహించవలెను, ప్రొద్దుటూరుది కాదు.

పొడిపిండి రకంలో ఈ చిక్కే లేదు. అందులో వెన్న పిండిలో కలిసిపోయినా నష్టం లేదు, కరిగిన నెయ్యి వాడినా పనికివస్తుంది. నెయ్యిలో నీరు ఉండదు కనుక వెన్న కన్న సుమారు ఐదవ వంతు తక్కువ వేస్తే చాలు.

పండు ఎంపిక

ఆపిల్ చెట్టుకు శీతాకాలంలో చాలా వారాలపాటు చలి కావాలి. అందుచేత రాయలసీమ మైదానాలలో ఆ పంట లేదు. ఇక్కడి బజారుకు వచ్చేవి కాశ్మీరు, హిమాచల్ ప్రదేశ్ పండ్లు, కొన్ని విదేశాలవి. హిమాచల్‌లోని కోట్‌గఢ్ ప్రాంతంలో అమెరికా నుండి వచ్చిన శామ్యూల్ స్టోక్స్ 1916 ప్రాంతంలో రెడ్ డెలిషియస్ రకాన్ని నాటించాడు. తరువాత ఆయన సత్యానంద్ అని పేరు మార్చుకొన్నాడు. ఇక్కడ ఎక్కువగా దొరికేది ఆ జాతి పండ్లే. అవి తినడానికి తీయగా ఉంటాయి గాని వాటిలో పులుపు తక్కువ, వండితే త్వరగా మెత్తబడతాయి. పాశ్చాత్యులు పైకి వాడేది గ్రానీ స్మిత్ వంటి పుల్లని, గట్టి పండ్లు. ఆ లోటు తీర్చడానికే నిమ్మరసం వేయాలి. ఇక్కడి పండ్లతో చేసేటప్పుడు నిమ్మరసం మానితే వంటకం చప్పగా, హల్వా లాగా ఉంటుంది.

మన ఊళ్ళలో ఆపిల్ అంటే రోగిని చూడబోయేటప్పుడు తీసుకువెళ్ళే పండు. నలుగురు చుట్టాలు వచ్చి వెళ్ళేసరికి ఇంట్లో పండ్లు మిగిలి, ఎండకు ముడుతలు పడి, లోపల పిండిపిండిగా అవుతాయి. కోసుకు తినడానికి బాగుండని ఆ పండ్లు ఈ వంటకానికి పనికివస్తాయి. కుళ్ళిన భాగం ఉన్నవి మాత్రం వాడరాదు.

తయారు చేయు విధానం

ఎనిమిది అంగుళాల పళ్ళేనికి ఒక కిలో ఆపిల్ కావాలి. చెక్కు, గింజలు తీసి పావు అంగుళం మందాన ముక్కలు కోసి, వెంటనే ఒక నిమ్మకాయ రసం కలపాలి. దీనివలన ముక్కలు నల్లబడవు. తరువాత 80 గ్రాముల చక్కెర లేదా తురిమిన బెల్లం, అర చెంచా దాల్చినచెక్క పొడి, రెండు లవంగాల పొడి, చిటికెడు ఉప్పు, ఒక పెద్ద చెంచా మొక్కజొన్న పిండి కలిపి పళ్ళెంలో పరచాలి. మొక్కజొన్న పిండి ముక్కలు వదిలే నీటిని చిక్కబరుస్తుంది. అది లేకపోతే బియ్యపుపిండి వేయవచ్చు.

పైన చల్లడానికి 120 గ్రాముల మైదా లేదా గోధుమపిండి, 80 గ్రాముల చక్కెర, 90 గ్రాముల వెన్న తీసుకొని రవ్వ కన్న కొంచెం పెద్ద పలుకులుగా వచ్చే వరకు వేళ్ళతో నలపాలి. ముద్ద చేయరాదు. అంగడి వెన్నలో సాధారణంగా ఉప్పు ఉంటుంది కనుక పిండిలో మళ్ళీ ఉప్పు వేయనక్కరలేదు. దీనిని ముక్కల మీద ఒత్తకుండా చల్లి, 180 డిగ్రీల ఓవెన్‌లో 40 నుండి 50 నిమిషాలు ఉంచాలి. అంచుల వెంబడి పండ్ల రసం బుడగలు వస్తూ, పైభాగం బంగారు రంగుకు తిరిగితే అయినట్లే.

జారుపిండి రకం ఇంతకన్న సులభం. 120 గ్రాముల మైదా, 100 గ్రాముల చక్కెర, 75 గ్రాముల కరిగించిన వెన్న, ఒక గుడ్డు కలిపి ముక్కల మీద పోస్తారు. కాలేకొద్దీ దానికదే పైన పెళుసు పొర కడుతుంది. గుడ్డు తినని ఇళ్ళలో దాని బదులు అర కప్పు పెరుగు, పావు చెంచా వంటసోడా వాడవచ్చును. అప్పుడు పొర కొంచెం మెత్తగా, కేకు వలె వస్తుంది.

ఓవెన్ లేని ఇంట

అడుగు మందమైన పెద్ద పాత్రలో అంగుళం మందాన జల్లించిన పొడి ఇసుక లేదా ఉప్పు పోసి, దాని మీద స్టాండు ఉంచి, మూతపెట్టి పది నిమిషాలు వేడి చేసిన తరువాత పళ్ళెం లోపల పెట్టి సన్నని మంటపై సుమారు గంటసేపు ఉంచాలి. చాలామంది ఇందుకు ప్రెషర్ కుక్కరు వాడుతారు. అలా వాడితే మూతకు రబ్బరు రింగు, విజిల్ రెండూ తప్పక తీసివేయాలి. నీరు లేని కుక్కరును బిగించి పొయ్యిమీద పెట్టడం మిక్కిలి ప్రమాదకరం. నీరు లేకుండా గంటసేపు కాల్చడం వలన పలచని అల్యూమినియం అడుగు వంగిపోతుంది కూడా. ఈ వ్యాసం రాసినవారి ఇంట ఒక కుక్కరు ఇలాగే పాడయింది, అటుపిమ్మట అది పప్పుకు కూడా పనికిరాలేదు. పాత ఇనుప పాత్ర ఉంటే అదే మేలు.

ఈ పద్ధతిలో ఒక లోపముంది. వేడి కింది నుండే వస్తుంది గనుక పండ్లు ఉడుకుతాయి గాని పై పిండి ఎర్రబడదు, పైగా మూతకు పట్టిన ఆవిరి చుక్కలై దాని మీద పడుతుంది. ఇందుకు సులువైన ఉపాయం, పిండి పలుకులను విడిగా బాణలిలో సన్నని సెగపై దోరగా వేయించి, ఉడికిన పండ్ల మీద చివరన చల్లడం. కరకర ఏమాత్రం తగ్గదు. కట్టెల పొయ్యి ఉన్నచోట మూత మీద నిప్పులు పోయవచ్చు. కోస్తా జిల్లాలలో దిబ్బరొట్టెను కాల్చే పాత పద్ధతి అదే.

జొన్నపిండితో, అరటిపండుతో

జమ్మలమడుగు చుట్టుపక్కల నల్లరేగడి నేలలలో జొన్న పాత పంట. జొన్నపిండిలో జిగురునిచ్చే గ్లూటెన్ ఉండదు కనుక దానితో వత్తి పరిచే పిండిపొర రాదు. పొడిపిండికి మాత్రం ఆ జిగురు అవసరమే లేదు. మైదాలో సగం తగ్గించి జొన్నపిండి, దానికి తోడు గుప్పెడు వేయించిన శనక్కాయ పప్పుల బరక పొడి వేస్తే రుచి పెరుగుతుంది. ఇది మూలంలో లేని మార్పే అయినా, మైదా ఒక్కదానితో చేసినదానికన్న మేలైనదని చెప్పవచ్చు.

పులివెందుల ప్రాంతం అరటి తోటలకు, చీనీ తోటలకు పేరుపొందినది. రాయలసీమ అరటి దూరప్రాంతాలకు ఎగుమతి అవుతుంది. 2020 జనవరిలో పొరుగున ఉన్న తాడిపత్రి నుండి ముంబాయి వద్ద గల జవహర్‌లాల్ నెహ్రూ ఓడరేవుకు అరటిపండ్లతో ప్రత్యేక రైలు నడిచింది. ధర పడిపోయిన రోజులలో మాత్రం అదే పండు తోటలోనే మాగిపోతుంది. వేల కిలోమీటర్ల నుండి లారీలో వచ్చే ఆపిల్‌కు బదులు అరటిపండు వాడవచ్చునా అంటే వాడవచ్చును, కాని కొలతలు మార్చాలి. అరటిపండులో పులుపు చాలా తక్కువ, ఆపిల్ వలె నీరు వదలదు. అందుచేత మొక్కజొన్న పిండి మానివేసి, చక్కెర నాలుగవ వంతుకు తగ్గించి, నిమ్మరసం రెట్టింపు చేయాలి. 20 నుండి 25 నిమిషాలలో అయిపోతుంది. బాగా మాగినవి ముద్దవుతాయి, కొద్దిగా గట్టిగా ఉన్నవే ఎంచుకోవాలి. గింజలు తీసిన దోర జామకాయ ఆపిల్‌కు ఇంకా దగ్గరగా ఉంటుంది.

నిల్వ

పొయ్యి మీద నుండి దించిన తరువాత పావుగంట ఆగితే రసం చిక్కబడి ముక్కలు నిలుస్తాయి. ఎండాకాలంలో బయట ఒక పూటకు మించి ఉంచరాదు, ఫ్రిజ్‌లో రెండు మూడు రోజులు ఉంటుంది. అయితే పండ్ల తేమకు పై పలుకులు మెత్తబడతాయి. పండ్ల ముద్దను, వేయించిన పిండిని వేర్వేరు డబ్బాలలో ఉంచి, తినేముందు పండ్లను వేడిచేసి పిండిని చల్లుకొంటే ఆ ఇబ్బంది ఉండదు.