మీకు తెలుసా? నిందకు బదులు ఒక లేఖ
2006 సెప్టెంబరులో జర్మనీలోని రేగెన్స్‌బర్గ్‌లో పోప్ బెనెడిక్ట్ 16 చేసిన ప్రసంగం ఎందరో ముస్లింలను నొప్పించింది. ఏడాది తిరిగాక, 2007 అక్టోబరు 13న, 138 మంది ముస్లిం పండితులు, మతపెద్దలు ఆయనకూ, ఇతర క్రైస్తవ నాయకులకూ 'ఎ కామన్ వర్డ్' పేరిట బహిరంగ లేఖ రాశారు. అందులో నిందలు లేవు. దైవప్రేమ, పొరుగువారిపై ప్రేమ రెండు మతాలకూ పునాదులేనని ఖురాన్ నుంచీ, బైబిల్ నుంచీ చూపించారు. నొచ్చుకున్నవారే ముందు చేయి చాచడం ఎంత పెద్దమనసు! యేల్ విశ్వవిద్యాలయ క్రైస్తవ పండితులు రాసిన జవాబుపై 300 మందికి పైగా సంతకాలు చేశారు. 2008 నవంబరులో వాటికన్‌లో ఇరువర్గాలూ ముఖాముఖి కూర్చుని చర్చించాయి. అన్నట్టు, క్రైస్తవ-ముస్లిం సంభాషణకు మన హైదరాబాద్‌లోనూ ఒక చిరునామా ఉంది: 1930లో లాహోర్‌లో మొదలైన హెన్రీ మార్టిన్ ఇన్‌స్టిట్యూట్.