తొంభై ఎనిమిదేళ్ల సహాయ శిక్షకుడు

పందెం గెలిచిన మరునాడు పత్రికలలో మొదట ఆటగాళ్ల పేర్లు, ఆ వెనుక ప్రధాన శిక్షకుని పేరు కనిపిస్తాయి. మైదానం ఓరగా నిలిచి, ఒక్కొక్క కుర్రవాని అడుగు ఎక్కడ పడుతున్నదో, భుజం ఎటు వాలుతున్నదో చూచి దిద్దిన సహాయ శిక్షకుని పేరు సాధారణంగా ఎవరికీ తెలియదు. అమెరికా కళాశాలల ఫుట్‌బాల్ చరిత్రలో ఇటువంటివారు వేలకొలది ఉన్నారు. వారిలో పెక్కుమంది సహాయకులుగా ప్రారంభించి ప్రధాన పదవికై ఎదురుచూచినవారే. ఆమోస్ అలోంజో స్టాగ్ కథ మాత్రం ఇందుకు తలక్రిందులు. ఆయన 57 సంవత్సరాలు ప్రధాన శిక్షకుడుగా ఉండి, 84 ఏళ్లు నిండిన తరువాత రెండవ స్థానంలో నిలబడ్డారు.

ఆయన కథకు ముందు ఆ ఆటను గూర్చి ఒక మాట చెప్పవలసి ఉన్నది. అక్కడ ఫుట్‌బాల్ అంటే మనమెరిగిన కాలిబంతి కాదు. కోలగా ఉండే బంతిని చేతబట్టి పరుగెత్తుతారు, విసురుతారు. ఏ కొద్ది సందర్భాలలోనో కాలితో తంతారు. పక్షానికి 11 మంది. బంతి చేజిక్కిన పక్షం నాలుగు యత్నాలలో 10 గజాలు ముందుకు సాగవలెను. లేకున్న బంతి ఎదుటివారి పరమవుతుంది. ప్రతి యత్నానికీ ముందుగానే ఒక వ్యూహం ఉంటుంది. అందులో ఎవరి పని వారిది. కనుక ఒక్క గురువు చాలడు. ముందువరుసలో ఢీకొనేవారికి ఒకరు, బంతిని అందుకొనేవారికి ఒకరు, తన్నేవారికి ఒకరు — ఇట్లా శాఖకొక సహాయ శిక్షకుడు ఏర్పడ్డాడు. ఎదుటి జట్ల ఆటను చూచి రావడం, ఉన్నత పాఠశాలలలో ప్రతిభ కలవారిని వెదకడం, ఆట చిత్రాలను మళ్లీ మళ్లీ త్రిప్పి తప్పులు పట్టడం వీరి పనులే. ప్రధాన శిక్షకునికి ఉద్వాసన జరిగితే తరచు వీరూ మూటాముల్లె సర్దుకోవలసినదే.

స్టాగ్ 1862 ఆగస్టు 16న న్యూజెర్సీ రాష్ట్రంలోని వెస్ట్ ఆరెంజ్‌లో ఒక పేద కుటుంబంలో జన్మించారు. యేల్ విశ్వవిద్యాలయంలో చదివి మతబోధకుడు కావలెనని సంకల్పించారు. వేదికనెక్కి మాట్లాడే నేర్పు తనకు లేదని గ్రహించి ఆ ఆశను విడిచి, యువకుల శీలాన్ని మైదానంలోనే తీర్చవచ్చునని నమ్మారు. 1889లో ఎంపికైన మొట్టమొదటి అఖిల అమెరికా జట్టులో ఆయన పేరున్నది. 1892లో షికాగో విశ్వవిద్యాలయం ప్రారంభమైనప్పుడు, యేల్‌లో ఆయనకు గురువైన విలియం రైనీ హార్పర్ అక్కడ అధ్యక్షుడు. హార్పర్ ఆయనను పిలిపించి అధ్యాపక హోదాతో వ్యాయామశాఖను అప్పగించారు. ఆట నేర్పేవాడు పండితులతో సమానంగా కూర్చొనుట ఆనాటికి క్రొత్త.

అక్కడ 41 సంవత్సరాలు పనిచేశారు. చుట్టిన పరుపును వ్రేలాడగట్టి దానిని ఢీకొనే అభ్యాసం మొదలు అనేకమైన పద్ధతులు ఆయన పేరిట చెప్పుకొంటారు. ఆయన శిష్యుడు జెస్సీ హార్పర్ నోటర్‌డాం జట్టుకు శిక్షకుడైనాడు. ఆ హార్పర్‌కు సహాయకుడుగా పనిచేసి, 1918లో ఆ స్థానాన్ని అందుకొన్నవాడే సుప్రసిద్ధుడైన న్యూట్ రాక్నీ. స్టాగ్ వద్ద సహాయకుడుగా ఉన్న ఫ్రిట్జ్ క్రిస్లర్ తరువాత మిషిగన్ జట్టుకు కీర్తి తెచ్చాడు. దాడికి ఒక దళం, రక్షణకు వేరొక దళం అనే పద్ధతి అతనివలననే ప్రచారానికి వచ్చినది. గురుపరంపర అనే మాట అక్కడి మైదానాలకూ వర్తిస్తుంది.

ఈ పరంపరలో ఏ పట్టికకూ ఎక్కని పేరు ఒకటున్నది. ఆయన భార్య స్టెల్లా పందేలు చూస్తూ ప్రతి వ్యూహాన్నీ కాగితంపై గీసి ఇచ్చేవారు. ఎదుటి జట్ల బలాబలాలు పరిశీలించేవారు. జీతం లేని సహాయ శిక్షకురాలు ఆమెయే అనవచ్చును.

70 ఏళ్లు నిండగానే విశ్వవిద్యాలయ నియమం అడ్డు వచ్చినది. ఫుట్‌బాల్ కంటె విద్యకే పెద్దపీట వేయదలచిన అధ్యక్షుడు రాబర్ట్ హచిన్స్ ఆ నియమాన్ని సడలింపలేదు. బోధన లేని గౌరవస్థానం ఇస్తామంటే స్టాగ్ వద్దన్నారు. 1933లో కాలిఫోర్నియాలోని స్టాక్టన్‌కు పోయి, కాలేజ్ ఆఫ్ ది పసిఫిక్ అనే చిన్న కళాశాలలో చేరారు. 1939లో షికాగో విశ్వవిద్యాలయం ఫుట్‌బాల్‌నే మానివేసినది. ఆయన పేరు పెట్టిన మైదానపు మెట్ల క్రింద 1942 డిసెంబరు 2న శాస్త్రజ్ఞులు మొట్టమొదటి నియంత్రిత అణు శృంఖలా చర్యను సాధించారు. హచిన్స్ వాదంలో సత్యం లేకపోలేదు. టిక్కెట్ల రాబడి చదువును మ్రింగివేసే ప్రమాదం నాడూ ఉన్నది, నేడూ ఉన్నది. అయినా 1943లో, 81వ ఏట, దేశంలోని శిక్షకులు స్టాగ్‌ను ఆ యేటి ఉత్తమ శిక్షకుడుగా ఎన్నుకొన్నారు.

1946తో పసిఫిక్‌లోనూ పని ముగిసినది. అప్పుడు ఆయన పెన్సిల్వేనియాలోని సస్కెహన్నా విశ్వవిద్యాలయానికి పోయారు. అక్కడ ప్రధాన శిక్షకుడు ఆయన కుమారుడే. తండ్రి పేరే అతని పేరు. 1947 నుండి 1952 వరకు ముసలి స్టాగ్ కుమారుని ప్రక్కన నిలిచి పనిచేశారు. ఆయనను కొందరు సహశిక్షకుడని, కొందరు సహాయకుడని వ్రాశారు; ప్రధాన పదవి మాత్రం కుమారునిదే. 1951లో ఆ జట్టు ఒక్క పందెమూ ఓడలేదు. అదే సంవత్సరం ఆయన పేరు ఆటగానిగాను, శిక్షకునిగాను కళాశాలల ఫుట్‌బాల్ కీర్తిమందిరంలో చేరినది. కుమారుని చేతిలో ఓటమిని కోరుకొనవలెనని మన పెద్దలు తండ్రులకు చెప్పారు. కుమారుని పదవికి లోబడి పనిచేయడం అంతకంటె కష్టం కావచ్చును.

తొంభయ్యవ పడిలో స్టాక్టన్‌కు తిరిగివచ్చి, అక్కడి జూనియర్ కళాశాలలో బంతిని తన్నే విద్య నేర్పే సహాయ శిక్షకుడైనారు. జట్టంతటికీ వ్యూహం పన్నిన వ్యక్తికి ఇప్పుడు మిగిలినది ఒక పాదం, ఒక బంతి, వాటి నడుమ కోణం. 1960లో, 98 ఏళ్ల వయస్సులో, డెబ్బది సంవత్సరాల పనికి ఇక స్వస్తి చెప్పవచ్చునని విరమించుకొన్నారు. స్టెల్లా 1964లో, ఆయన 1965 మార్చి 17న మరణించారు. అప్పటికి ఆయన వయస్సు 102.

ఆయన విజయాలు 314 అని లెక్కకట్టారు. 1981లో బేర్ బ్రయంట్ 315వ విజయంతో ఆ సంఖ్యను దాటినప్పుడు, సస్కెహన్నా విజయాలనుకూడ స్టాగ్ ఖాతాలో చేర్చవలెనని కొందరు వాదించారు. రెండవ స్థానంలో ఉండి చేసిన పని ఎవరి లెక్కలో చేరవలెను? ఉన్నత పాఠశాలలో మెరిసిన విద్యార్థి కీర్తిలో, రెండవ తరగతిలో అతనికి గుణింతం దిద్దించిన ఉపాధ్యాయునికి భాగమెంత అని అడిగినట్లే ఇదీ. స్టాక్టన్ మైదానంలో ఆ ముదుసలి మాత్రం లెక్క అడుగలేదు. కుర్రవాడు తన్నిన బంతి వంకరపోతే, మళ్లీ తన్నమని చెప్పడమే తన పనిగా పెట్టుకొన్నారు.